క్విల్డా: నది పుట్టిన చోటు బావుంది, మేం దిగిన బస బాలేదు

ముందే చెప్పేస్తున్నాను, చెక్ దేశంలోని క్విల్డా ఊరి మీద నాకు కోపం లేదు, ఆ ఊరు మళ్ళీ చూడాలని కూడా ఉంది. కోపమంతా అక్కడ మేం రెండు రాత్రులు దిగిన బస మీద. 5,600 కొరూనాలకి మాట్లాడుకుని వెళ్తే బయటపడేసరికి 7,500 వదిలాయి. ఒక కొరూనా అంటే సుమారు నాలుగు రూపాయలు, అంటే మన లెక్కలో 22 వేలనుకున్నది 30 వేలయింది. డబ్బు ఒక్కటే అయితే ఇంత రాసేదాన్ని కాదు. అరవై తొమ్మిదేళ్ళ మా నాన్నగారు స్వెటర్ మీద స్వెటర్ వేసుకుని, మఫ్లర్ చెవులకి చుట్టుకుని, మంచం మీద ముడుచుకుని కూర్చుని "పర్లేదమ్మా, తెల్లారిపోతుందిగా" అన్నారు. అది మనసులోంచి పోవట్లేదు.

అసలు ఎందుకు వెళ్ళామో చెప్పాలి. మేముండేది మ్యూనిక్‌లో. నాన్నగారు మూడు నెలలు ఉండి వెళ్దామని రాజమండ్రి నుంచి వచ్చారు. ఇరిగేషన్‌లో ముప్పై మూడేళ్ళు చేసి రిటైరయ్యారు, అందులో సగం ధవళేశ్వరం హెడ్‌వర్క్స్‌లోనే. ఆగస్టులో ప్రాగ్ తీసుకెళ్తే, చార్లెస్ బ్రిడ్జి మీద అందరూ విగ్రహాల పక్కన ఫొటోలు దిగుతుంటే, ఈయన పిట్టగోడ పట్టుకుని నదికి అడ్డంగా ఉన్న ఆనకట్ట మీంచి నీళ్ళు ఎలా దూకుతున్నాయో చూస్తూ అరగంట నిలబడిపోయారు. "ఈ నది ఎక్కడ పుట్టిందే?" అని అడిగారు. వ్ల్తవా అన్న పేరు తప్ప నాకేం తెలీదు. ఆ రాత్రి మా ఆయన ఫోన్లో వెతికి, షుమవా కొండల్లో, జర్మనీ సరిహద్దు పక్కనే, క్విల్డా అనే చిన్న ఊరి దగ్గర అని చెప్పారు. మ్యాప్‌లో చూస్తే మాకు ప్రాగ్ కన్నా అదే దగ్గర. సెప్టెంబరు చివరి శుక్రవారం బయల్దేరదామని అప్పుడే తేలిపోయింది.

క్విల్డా చెక్ దేశంలో అన్నిటికన్నా ఎత్తున ఉన్న గ్రామం, సముద్రమట్టానికి 1,065 మీటర్లు. అరకు కన్నా ఓ నూట యాభై మీటర్లు ఎక్కువ, అంతే. కానీ చలి విషయంలో రెండిటికీ పోలికే లేదు. ఊళ్ళో కాపురం ఉండేవాళ్ళు రెండు వందల మంది కూడా ఉండరు, మిగతావన్నీ వచ్చేపోయేవాళ్ళ కోసం కట్టిన బసలే. కొండ ఊరు అనగానే నిటారు శిఖరాలు ఊహించుకోకండి. పైన బల్లపరుపుగా పచ్చిక మైదానం, మధ్యలో సన్నటి ఏరు, చుట్టూ నల్లటి స్ప్రూస్ అడవి, చెక్క పెంకులు కప్పిన ఇళ్ళు, పందొమ్మిదో శతాబ్దం చివర్లో కట్టిన సెయింట్ స్టీఫెన్ చర్చి. ఒకప్పుడు ఇక్కడ ఉన్నవాళ్ళంతా జర్మన్ మాట్లాడేవాళ్ళు, వాళ్ళు ఈ ఊరిని ఔసర్‌గెఫిల్డ్ అనేవాళ్ళు. గెఫిల్డ్ అంటే మైదానమే, చెక్ పేరు క్విల్డా కూడా ఆ మాటలోంచే వచ్చింది.

దారి సంగతి రెండు ముక్కల్లో. మ్యూనిక్ నుంచి పస్సావు, అక్కణ్ణించి ఫిలిప్స్‌రాయిట్ దగ్గర సరిహద్దు, తర్వాత హోర్నీ విల్తావిత్సే, బోరోవా లాడా మీదుగా క్విల్డా. మధ్యలో ఆగుతూ వెళ్ళినా నాలుగున్నర గంటలు. ఈ దారిలో చెక్ వైపు హైవే స్టిక్కర్ అక్కర్లేదు. వచ్చేటప్పుడు జర్మన్ పోలీసులు ఆపి నాన్నగారి పాస్‌పోర్టూ వీసా చూశారు, మర్యాదగానే మాట్లాడారు. పెద్దవాళ్ళని తీసుకెళ్తే ఆ కాయితాలు డిక్కీలో సూట్‌కేసు అడుగున పెట్టకండి.

మేం వెళ్ళిన దారి ఇంచుమించు పాత ఉప్పు దారి. ఉప్పు దొరకని బొహీమియాకి, అంటే ఇప్పటి చెక్ దేశంలో పెద్ద భాగానికి, పస్సావు నుంచి గుర్రాల మీద మూటలు మోసుకెళ్ళేవాళ్ళు, దాన్నే బంగారు బాట అంటారు. మూడు పాయలుగా వెళ్ళేది, ఒకటి ప్రాచాతిత్సేకి, ఒకటి విమ్పెర్క్‌కి, ఇంకోటి ఈ క్విల్డా పీఠభూమి మీదుగా కష్పెర్‌స్కే హోరికి. ఆ మూడో దాన్ని కాచుకోడానికి చక్రవర్తి నాలుగో చార్లెస్ 1356లో కష్పెర్క్ కోట కట్టించాడు. ప్రాగ్‌లో నాన్నగారు నిలబడ్డ వంతెన కట్టించిందీ ఆయనే. కార్లో ఇది చదివి వినిపిస్తుంటే నాన్నగారికి ఎక్కడలేని హుషారు వచ్చింది, మావాడు మాత్రం "తాతయ్యా, ఉప్పు మోస్తే బంగారు బాట అనెందుకు?" అని పట్టుకున్నాడు. "ఉప్పు దొరకని చోట అదే బంగారం రా" అన్నారు.

సాయంత్రం ఆరింటికి చేరాం. ఇక్కణ్ణించి ఆ బస కథ.

ఆ బసనే ఎంచుకోడానికి ఒకే కారణం, వంటగది. నాన్నగారు గుడ్డు కూడా ముట్టరు, చెక్ పల్లెలో శాకాహారం దొరుకుతుందో లేదో అని బియ్యం, పప్పు, చిన్న కుక్కర్, ఆవకాయ సీసా, మాగాయ అన్నీ సర్దుకున్నాను. ఆన్‌లైన్‌లో "వంటగదితో ఫ్యామిలీ అపార్ట్‌మెంట్, కింది అంతస్తు, నలుగురికి, రాత్రికి 2,800 కొరూనాలు" అని ఉంది. సగం, అంటే 2,800, ముందే కట్టేశాం. వెళ్ళేసరికి, తాళాలిచ్చే ఆవిడ మమ్మల్ని ఆ ఫొటోల్లోని ఇంటికి కాకుండా వెనకున్న ఇంకో ఇంటికి తీసుకెళ్ళింది. సీజన్ అయిపోయిందట, ముందు ఇల్లు మూసేశారట. సరే అనుకుంటే, ఇచ్చింది పైకప్పు కింద అటక గది. ఇరవై ఎనిమిది మెట్లు, నిచ్చెనలా నిటారుగా, ఒక పక్కే పట్టుకునే కర్ర. నాన్నగారికి నేల మీద నడక ఎంతైనా పర్లేదు కానీ మెట్లంటే మోకాళ్ళు సహకరించవు. నేను వెనకాల, మా ఆయన ముందు, ఒక్కో మెట్టు మీద రెండు కాళ్ళూ ఆనించి ఎక్కించాం.

వంటగది ఎక్కడ అని అడిగితే కింద ఒక తలుపు చూపించింది. దానికి తాళం. అది కూడా సీజన్‌తో పాటే మూసేశారట. గదిలో వండకూడదని గోడ మీద నాలుగు భాషల్లో రాసి ఉంది. ఇంక రేడియేటర్ ముట్టుకుంటే మంచుముక్కలా ఉంది. అడిగాం. హీటింగ్ అక్టోబరు ఒకటి నుంచి అని చెప్పింది. ఆ రోజు తారీఖు ఇరవై ఆరు. బయట సాయంత్రమే నాలుగు డిగ్రీలు, పొద్దున కారు అద్దం మీద మంచు గీకాల్సి వచ్చింది. మా ఆయన జర్మన్‌లో గట్టిగా మాట్లాడారు, ఆవిడ ఓనర్‌కి ఫోన్ చేసింది, ఓనర్ రేపు చూద్దామన్నాడు, అంతే. గది కుదిర్చింది తనే కావడంతో మా ఆయనకి లోపల్లోపల ఉడికిపోతోంది, నేనేమన్నా అంటే ఇంకా ఎక్కువవుతుందని నేను మాట్లాడలేదు.

తిండికి బయటికెళ్తే ఏడున్నరకే వంటిల్లు కట్టేశామన్నారు ఒకచోట, ఇంకోచోట బోర్డు తిప్పేశారు. ఆ రాత్రి బ్రెడ్డు, పెరుగు, ఆవకాయ. మావాడికి ఒక అరటిపండు. నాన్నగారు పెరుగులో బ్రెడ్డు నంజుకుంటూ ఒక్క మాట మాట్లాడలేదు, అలాంటప్పుడే ఆయనకి కష్టంగా ఉందని నాకు అర్థమవుతుంది. నాలుగు దుప్పట్లలో మూడు ఆయనకే కప్పాం.

మర్నాడు పొద్దున మాత్రం ఆయనే అందరికన్నా ముందు తయారై మెట్ల దగ్గర నిలబడ్డారు. ఆకాశం నీలంగా, గడ్డి మొత్తం తెల్లగా గడ్డకట్టి ఉంది. దూరంగా అడవిలోంచి ఏదో గర్జన, మావాడు భయపడి నా చెయ్యి పట్టుకున్నాడు. అది దుప్పి అరుపు, మగ దుప్పులు ఈ రోజుల్లోనే జత కోసం అలా అరుస్తాయి. సాయంత్రం నేషనల్ పార్క్ వాళ్ళ విజిటర్ సెంటర్‌లో ఆ దుప్పుల్ని పైనుంచి నడకదారి మీద నిలబడి చూశాం, లింక్స్ అనే అడవి పిల్లి కూడా ఉంటుంది, ఆ రోజు అది బయటికి రాలేదు. ఒకప్పుడు ఈ అడవుల్లో లింక్స్ పూర్తిగా పోతే 1980లలో స్లొవాకియా నుంచి తెచ్చి వదిలారు.

వ్ల్తవా పుట్టిన చోటికి ఊరి నుంచి ఆరు కిలోమీటర్ల పైన. తారు వేసిన సన్నటి దారి, మామూలు కార్లని రానివ్వరు, నడవాలి లేదా సైకిల్. ఎక్కుడు చాలా నెమ్మదిగా ఉంటుంది, మొత్తం కలిపి వంద మీటర్ల చిల్లర. నాకూ మావాడికీ సైకిళ్ళు తీసుకున్నాం, పెద్దవాళ్ళకి రోజుకి 400, పిల్లలకి 300 కొరూనాలు, హెల్మెట్‌తో సహా, బ్రేకులు కూడా బావున్నాయి, ఆ డబ్బు న్యాయమైనదే. మా ఆయనా నాన్నగారూ నడక. దారి పొడుగునా పక్కనే ఏరు, అదే వ్ల్తవా, ఇక్కడ దాన్ని వెచ్చని వ్ల్తవా అంటారు, కిందెక్కడో చల్లని వ్ల్తవా అనే ఇంకో పాయ వచ్చి కలుస్తుంది. వెచ్చన అన్నారు కదా అని మావాడు చెయ్యి పెట్టి చూసి వెంటనే లాగేసుకున్నాడు.

పైకి వెళ్తున్నకొద్దీ అడవి మారిపోతుంది. బూడిదరంగులో నిలబడిపోయిన ఎండు మోళ్ళు, వేలకి వేలు. మొదట చూసినప్పుడు ఏదో అగ్నిప్రమాదం జరిగిందేమో అనిపిస్తుంది. 2007 జనవరిలో కిరిల్ అనే తుఫాను గాలికి ఇక్కడ చెట్లు కూలిపోయాయి, కూలిన చెట్లలో బెరడు పురుగు పెరిగి నిలబడ్డవాటికి కూడా పాకింది. పురుగు పట్టిన చెట్లు కొట్టెయ్యాలా, అడవిని దాని మానాన వదిలెయ్యాలా అని ఈ దేశంలో పెద్ద గొడవలే జరిగాయి, చెట్లు నరకడానికి వీల్లేదని మనుషులు అడవిలో అడ్డంగా కూర్చున్నారు. ఇప్పుడు ఆ మోళ్ళ మధ్య భుజమెత్తు కొత్త మొక్కలు ఒత్తుగా లేచాయి, మధ్యమధ్యలో ఎర్రటి గుత్తులు కాసిన రోవన్ చెట్లు. నాకైతే వదిలెయ్యడమే మంచిదైంది అనిపించింది. 1991లో నేషనల్ పార్క్ అయింది ఇది, ఏడు వందల చదరపు కిలోమీటర్లకి కొంచెం తక్కువ.

నది పుట్టిన చోటు పెద్ద చూడదగ్గ వస్తువేం కాదు, ఆశలు పెట్టుకుని వెళ్ళకండి. 1,172 మీటర్ల ఎత్తున, నల్లకొండ అనే అర్థం వచ్చే చెర్నా హోరా వాలులో, అడవి మధ్య చిన్న మడుగు. అడుగున జనం వేసిన నాణేలు. నేనూ మావాడూ గంట ముందే చేరి బిస్కట్లు తింటూ కూర్చున్నాం. నాన్నగారు వచ్చి, చేతికర్ర పక్కన పెట్టి, బూట్లు విప్పి, ఆ చలిలో సాక్సులతో తడి నేల మీద వంగి రెండు దోసిళ్ళ నీళ్ళు తీశారు. నీళ్ళు పల్చటి డికాషన్ రంగులో ఉన్నాయి. ఇక్కడి నేలంతా వేల ఏళ్ళు కుళ్ళి పేరుకున్న నాచు, దాన్లోంచి ఊరి రావడం వల్ల ఆ రంగు. దోసిలి వేళ్ళ సందుల్లోంచి ఆ గోధుమరంగు నీళ్ళు కారుతుంటే కళ్ళకద్దుకుని నెత్తిన చల్లుకుని, మావాడి నెత్తిన చల్లారు. "430 కిలోమీటర్లు అన్నావు కదూ. గోదారి 1,465. కానీ ఏ నదైనా పుట్టిన చోట ఇంతేనమ్మా, ఓ దోసెడు" అన్నారు. త్రయంబకం ఆయన చూడలేదు. సర్వీసంతా గోదారి చివర్లోనే గడిచిపోయింది, మొదలు చూడాలని ఎప్పుడూ అనేవారు, ఎప్పుడూ కుదర్లేదు. ఒక చిన్న నీళ్ళ సీసా ఖాళీ చేసి నింపుకున్నారు.

ఇంకొక్క విషయం ఆయనకి చాలా నచ్చింది. ఆ పైనున్న గట్టు మీదే యూరప్ జలవిభజన రేఖ పోతుంది. గట్టుకి ఇటు పడ్డ చినుకు వ్ల్తవాలోకి, ప్రాగ్ దాటి లాబే అంటే ఎల్బేలో కలిసి హాంబర్గ్ మీదుగా ఉత్తర సముద్రానికి పోతుంది. అటు పడ్డది జర్మనీ వైపున్న బవేరియా ఏర్లలోంచి ఇల్ట్స్ నదిలోకి, పస్సావు దగ్గర డాన్యూబ్‌లోకి, చివరికి నల్ల సముద్రానికి. "రెండడుగుల తేడాలో పడితే రెండు సముద్రాలు" అని మా ఆయనకి నాలుగు సార్లు చెప్పారు, ఆయన కూడా మొదటిసారి విన్నట్టే విన్నారు, దానికి నేను ఆయనకి రుణపడి ఉన్నాను.

వాళ్ళిద్దరూ వెనక్కి నడుస్తుంటే నేనూ మావాడూ సైకిళ్ళ మీద ముందుకి బుచినాకి వెళ్ళాం. ఊరి నుంచి నది మొదలు, అక్కణ్ణించి బుచినా, మళ్ళీ ఊరు, మొత్తం ఇరవై కిలోమీటర్లలోపే, తొమ్మిదేళ్ళవాడు తొక్కగలిగాడు. బుచినా ఒకప్పుడు పిల్లాజెల్లాతో ఉన్న ఊరు, బుఖ్‌వాల్డ్ అనేవాళ్ళు. 1938లో హిట్లర్ ఈ సరిహద్దు ప్రాంతమంతా కలిపేసుకున్నాడు, యుద్ధం అయ్యాక ఇక్కడి జర్మన్లని పంపేశారు, దేశం మొత్తం మీద ముప్పై లక్షల మంది దాకా. 1950లలో సరిహద్దు మూసేసి, ఇనుప కంచె వేసి, దానికి వేల వోల్టుల కరెంటు పెట్టి, బుచినా ఇళ్ళన్నీ పడగొట్టేశారు. ఇప్పుడక్కడ ఒక హోటల్, చిన్న గుడి, గడ్డి, ఇంకా ఆ కంచె ఎలా ఉండేదో తెలియాలని తిరిగి కట్టి పెట్టిన ఒక ముక్క, పక్కన కాపలా బురుజు. ముళ్ళతీగ వరసల మధ్య నిలబడి మావాడు "అమ్మా, నిన్న మనం కార్లో దాటొచ్చేశాం కదా, ఎవ్వరూ ఆపలేదుగా" అన్నాడు. ఇప్పుడు కొద్ది దూరంలోనే బవేరియా, సైకిల్ దిగకుండా పోవచ్చు. ఆకాశం శుభ్రంగా ఉంటే ఇక్కణ్ణించి ఆల్ప్స్ కనిపిస్తాయి, ఆ రోజు మాకు దక్షిణాన సన్నటి తెల్లగీతలా కనిపించాయి, మావాడు మబ్బులని వాదించాడు.

ఆకలితో మూడింటికి ఊళ్ళోకి చేరాం. ఈ ప్రయాణంలో నాకు అన్నిటికన్నా సంతోషం కలిగింది ఇక్కడే. నాలుగు బల్లలున్న చిన్న తిండి కొట్టు, పేరు రాయను, వాళ్ళకి ఇష్టమో కాదో తెలీదు. నాన్నగారికి మాంసం, గుడ్డు రెండూ వద్దని ఫోన్‌లో చెక్ భాషలోకి మార్చి చూపించాను. వడ్డించే అమ్మాయి లోపలికెళ్ళింది, రెండు నిమిషాల్లో వంటచేసే ఆవిడే చేతులు తుడుచుకుంటూ బయటికొచ్చింది. అరవై దాటి ఉంటాయి. కులాయ్‌డా అనే సూప్ పెడతాను, మామూలుగా దాన్లో గుడ్డు వేస్తాను, ఈయనకి వెయ్యను, మాంసం రసం లేదు, పుట్టగొడుగులు ఉడికించిన నీళ్ళే అని వేళ్ళతో, సగం జర్మన్‌తో చెప్పింది.

కులాయ్‌డా ఎలా ఉంటుందంటే, పుట్టగొడుగులు, బంగాళాదుంపలు, పుల్లటి మీగడ, కొంచెం వెనిగర్, పైన బోలెడు సోయకూర. మొదటి చెంచా నోట్లో పెట్టుకుని నాన్నగారు నా వైపు చూసి "మజ్జిగ పులుసే కదే ఇది" అన్నారు. నిజంగానే. ఆవాలు, ఎండుమిర్చి, కరివేపాకు తాలింపు లేదు, దాని బదులు సోయకూర వాసన, అంతే తేడా. ముందు రోజు రాత్రి నోరు మెదపని మనిషి రెండు గిన్నెలు తాగారు. గిన్నె 95 కొరూనాలు, బ్రెడ్డుతో. తర్వాత నల్లద్రాక్షలా ఉండే అడవి బ్లూబెర్రీల క్నెద్లీకి తెప్పించాం, 195 కొరూనాలకి ఐదు. మన కుడుముల్లాగే ఆవిరి మీద ఉడికిన పిండి ముద్దలు, లోపల పూర్ణం బదులు బ్లూబెర్రీలు, పైన విరగ్గొట్టిన పాలలాంటి త్వారోహ్, పంచదార, కరిగించిన వెన్న. చెంచాతో తుంచగానే ఊదారంగు రసం పళ్ళెం అంతా పారింది, మావాడి చొక్కా మీద ఆ మరక ఇంకా పోలేదు. నలుగురికీ సూపులు, క్నెద్లీకి, మాకిద్దరికీ వేపిన చీజ్, టీలు కలిపి 1,380 కొరూనాలు. మేం లేస్తుంటే ఆవిడ మళ్ళీ వచ్చి నాన్నగారి చేతిలో కాయితంలో చుట్టిన రెండు బన్‌లు పెట్టింది, డబ్బులిస్తే తీసుకోలేదు. ఈయన రెండు చేతులూ జోడించి దణ్ణం పెట్టారు. ఆవిడ కూడా చేతులు జోడించింది.

ఆ రాత్రి గదికి వచ్చేసరికి రేడియేటర్ గోరువెచ్చగా ఉంది. మా ఆయన పొద్దున మళ్ళీ ఓనర్‌తో ఫోన్‌లో గొడవపడ్డ ఫలితం. కాస్త నిద్రపట్టింది.

ఆదివారం పొద్దున పదింటికి బిల్లు. మిగిలిన గది అద్దె 2,800. క్లీనింగ్ 700, ఇది బుకింగ్‌లో ఎక్కడా లేదు. హీటింగ్ రెండు రాత్రులకి 500, మొదటి రాత్రి అసలు లేనేలేదు. పార్కింగ్ 300, మేం పెట్టింది వాళ్ళ గడ్డి మీద. ఊరి పన్ను మనిషికి రోజుకి 50 లెక్కన నలుగురికి 400. మొత్తం 4,700. ఊరి పన్ను న్యాయమే, కానీ చెక్ చట్టం ప్రకారం పద్దెనిమిదేళ్ళు నిండనివాళ్ళకి అది వెయ్యకూడదు, మావాడి 100 ఎందుకు వేశారంటే సమాధానం లేదు. న్యాయంగా లెక్కేస్తే మొత్తం మీద 5,900 కావాలి, 7,500 అయింది. పైగా కార్డు మిషన్ పనిచెయ్యట్లేదు, యూరోలివ్వండి, యూరోకి 22 కొరూనాలు అన్నారు. ఆ రోజు బయట 24కి పైనే ఉంది. 214 యూరోలు లెక్కపెట్టి ఇచ్చాం, అక్కడ ఇంకో ఇరవై యూరోలు పోయాయి. నేను ఇవ్వనని గట్టిగా కూర్చున్నాను. "వదిలెయ్యండి అల్లుడుగారూ, పొద్దున్నే ఎందుకు" అని నాన్నగారు మా ఆయన భుజం మీద చెయ్యి వేశారు, ఆయన మాట తీసెయ్యలేక ఇచ్చేశారు. నేనైతే ఇప్పటికీ ఇవ్వకూడదనే అంటాను. రసీదు అడిగితే చేత్తో రాసిన చీటీ ఇచ్చారు. బుక్ చేసిన సైటుకి ఆ చీటీ ఫొటో పెట్టి రాశాం, మూడు వారాలైంది, ఉలుకూ పలుకూ లేదు.

అందుకని నా సలహా ఒకటే, సీజన్ చివర్లో వెళ్తుంటే డబ్బు కట్టకముందే మెసేజ్‌లో రాయించుకోండి: ఏ ఇల్లు, ఏ అంతస్తు, వంటగది తెరిచి ఉంటుందా, హీటింగ్ ఉందా, అన్నీ కలిపి చివరికి ఎంత, కార్డు తీసుకుంటారా. డొంకతిరుగుడు సమాధానం వస్తే విమ్పెర్క్‌లో ఉండండి, ఇరవై కిలోమీటర్ల చిల్లర దూరం, పెద్ద ఊరు, కోట ఉంది, రైలు కూడా ఉంది, క్విల్డాకి బస్సులు నడుస్తాయి. ఈసారి మేం అలాగే చేస్తాం. కొరూనాలు చేతిలో ఉంచుకోండి, యూరోల్లో ఇస్తే ప్రతిచోటా నష్టమే. రాత్రి భోజనం ఆరున్నరలోపు కానిచ్చెయ్యండి.

బిల్లు గొడవతో అందరి ముఖాలూ మాడిపోయి ఉన్నాయి, నేరుగా ఇంటికి పోదామన్నారు మా ఆయన. నాన్నగారే "ఆ కాలవేదో చూద్దామన్నారుగా" అని గుర్తుచేశారు. మోద్రవా ఊరికి కారులో పదిహేను నిమిషాలు, అక్కణ్ణించి విద్రా ఏటి గట్టున కాసేపు నడక. విద్రా అంతా ఏనుగుల్లాంటి బండరాళ్ళు, నీళ్ళు వాటి మీద నురగలు కక్కుతూ పోతాయి. ఆ రాళ్ళలో దుంగలు తేలవు కాబట్టి, ప్రాగ్‌కి వంటచెరకు పంపడం కోసం 1799 నుంచి 1801 దాకా యోసెఫ్ రోజెనౌఅర్ అనే ఆయన పక్కనుంచి పద్నాలుగు కిలోమీటర్ల దాకా కాలవ తవ్వించాడు. కాలవ మొదలయ్యే చోట రెహ్లె అనే కప్పున్న చెక్క వంతెన, దాని కింద దుంగల్ని ఆపి కాలవలోకి మళ్ళించే కటకటాలు. నాన్నగారు ఒక్క చూపులో కనిపెట్టేశారు. "ఇది హెడ్ రెగ్యులేటర్. నీళ్ళ బదులు దుంగలు మళ్ళిస్తోంది" అని, వాలు ఎంత ఇచ్చుంటారో అడుగులు వేసి కొలుస్తూ కాలవ గట్టున అర కిలోమీటరు వెళ్ళిపోయారు. కాటన్ దొర ఆనకట్ట 1852 అయితే ఇది దానికి యాభై ఏళ్ళ ముందుది. తన చిన్నప్పుడు భద్రాచలం వైపు నుంచి గోదాట్లో వెదురు తెప్పలు రాజమండ్రి రేవుకి వచ్చేవని మావాడికి చెప్పారు. ఇక్కడి కలపతో బీనెర్ట్ అనే ఆయన మోద్రవాలోనే పియానోలకీ వయొలిన్లకీ చెక్కలు తయారుచేసేవాడు, ఎత్తున చలిలో నెమ్మదిగా పెరిగిన స్ప్రూస్ నాదం బాగా పలుకుతుందట. మా ఆయన ముఖం అప్పటికి విచ్చుకుంది.

దారిలోనే యెజెర్నీ స్లాత్ అనే నాచు బురద నేల, రోడ్డు పక్కనే, చెక్క పలకల మీద పావుగంట నడక, పెద్దవాళ్ళకి చాలా వీలు. 1987 జనవరి 30న ఇక్కడ మైనస్ 41.6 డిగ్రీలు నమోదైంది. చుట్టూ ఎత్తు, మధ్యలో పళ్ళెంలా పల్లం, చల్లగాలి కిందికి జారి అక్కడే పడి ఉంటుంది. చెట్లు నా మోకాలెత్తు కూడా లేవు.

తిరిగొచ్చేటప్పుడు పస్సావులో ఆగాం. డాన్యూబ్, ఇన్, ఇల్ట్స్ మూడూ కలిసే చోట చివరి దాకా నడిచి నిలబడితే మూడు నీళ్ళూ మూడు రంగులు, కలిశాక కూడా కొంతదూరం విడివిడిగానే పోతాయి. ఇల్ట్స్ నీళ్ళు నల్లగా ఉన్నాయి. నాన్నగారు చొక్కా జేబులోంచి సీసా తీసి ఎండకి ఎత్తి పట్టుకుని చూశారు, మళ్ళీ నదిని చూశారు. "అదే రంగు. ఆ గట్టుకి అవతల పడ్డ నీళ్ళు ఇవే" అన్నారు. సీసా మూత ఇంకోసారి బిగించి జేబులో పెట్టుకున్నారు. నవంబరులో రాజమండ్రి తీసుకెళ్తారట, పుష్కర్‌ఘాట్ మెట్ల దగ్గర గోదాట్లో కలపడానికి.